ఇసుకలో పురుగు

భావనపాడులో ఆశా కార్యకర్త కుసుమకుమారికి ఎదురుపడి ఎవరూ తప్పించుకోలేరు. రబ్బరు చెప్పులతో ఇసుక చిమ్ముకుంటూ వస్తుంది. కుశలం అడుగుతూనే బొటనవేలితో కింది కనురెప్పను లాగి చూస్తుంది. ఎర్రగా ఉంటే వదిలేస్తుంది. పాలిపోయి ఉంటే, కడుపులో కొంకిపురుగులు రక్తం తాగుతున్నాయేమోనని, ఆ మనిషిని పరీక్షకు పంపేదాకా ఊరుకోదు.

మొన్న జాలరి ఎల్లాజీ కూతురి పాదం మీద ఎర్రటి వంకరగీత లేచింది. దురదతో పాప రెండు రాత్రులు నిద్రపోలేదు. కుసుమకుమారి పాదం చూసి, పాప ఎక్కడ ఆడుకుంటుందో చూపించమంది. ఒడ్డున పడవ నీడన, తడి ఇసుకలో ఒక వీధికుక్క, దాని మూడు పిల్లలు పడుకుని ఉన్నాయి. ఆమె ఒక కుక్కపిల్లను ఎత్తి పెదవి తెరిచింది. చిగుళ్ళు సున్నంలా ఉన్నాయి.

"కుక్కలకీ సూస్తావేటి వదినా?" అని నవ్వాడు ఎల్లాజీ.

"నవ్వకురా. ఈటి పెంటలోని పురుగులే ఇసకలోకి దిగి నీ కూతురి కాల్లోకి ఎక్కినాయి. పాపకొక్కదానికే మందేసి ఈటిని ఒగ్గేస్తే మల్లీ వస్తాది. గంప తే!"

పాపను డాక్టరుకు చూపించాక, చేపల గంపలో తల్లికుక్కనూ పిల్లలనూ పశువుల ఆసుపత్రికి మోసుకెళ్ళారు. ఇంకో రెండు రోజులాగితే కూనలు దక్కేవి కావన్నాడు పశువుల డాక్టరు, వాటి నోట్లో మందు పోస్తూ. తర్వాత రిజిస్టరు తెరిచి, యజమాని ఎవరని అడిగాడు.

ఎల్లాజీ దిక్కులు చూశాడు. కుసుమకుమారి తడుముకోలేదు.

"నేనే. రాసుకోండి," అంది.