అప్లా కొడుకు రాసిన రాజుగారి పలక

నినెవెలో అసిరియా రాజు కట్టిన మట్టిపలకల ఇల్లు గొప్పదని ఎవరైనా అన్నారో, ముషేజిబ్ అక్కడికక్కడే ఉమ్మేసేవాడు. పెద్దవాళ్ళున్నారని గానీ, గుడి వాకిలని గానీ చూసేవాడు కాదు. "గొప్పదా? ఎవడబ్బ సొమ్మని గొప్పదిరా?" అని మీది మీదికి వచ్చేవాడు. ఆ నోటికి జడిసి మా బోర్సిప్ప ఊళ్ళో ఆయన ముందు నినెవె మాటే ఎత్తేవాళ్ళు కాదు. కొత్తవాళ్ళు పిచ్చి అనుకునేవాళ్ళు. పిచ్చా, నా మొహమా! ఆయనకి జరిగింది ఇంకొకడికి జరిగితే ఉమ్మి ఊరుకునేవాడా?

ఆయన తండ్రి అప్లా పసిపిల్లల వైద్యుడు. ఏ బిడ్డకి ఏ జ్వరం ఎలా వచ్చింది, ఏ పసరు కడుపులో నిలిచింది, ఏది కక్కించింది, ముప్ఫై ఏళ్ళు చూసి చూసి ఒక్క మట్టిపలక మీదికి ఎక్కించాడు. రెల్లుపుల్లతో రెండు వైపులా సందు లేకుండా నొక్కి రాశాడు. చివర మా ఊళ్ళో అందరూ రాసినట్టే రాశాడు: "ఇది అప్లా పలక. రాసి సరిచూసినది. నబూ దేవుడికి భయపడేవాడు దీన్ని ఎత్తుకుపోడు." మాకు పలక కింద పేరంటే ఆషామాషీ కాదు. మనిషి పోయాక ఎవరైనా ఆ పేరు పైకి చదివితే, పోయినవాడికి గుక్కెడు నీళ్ళు అందినట్టే. అందుకే మా ఊరివాడెవడైనా పలక చేతికి తీసుకుంటే ముందు అడుగు వరస చదువుతాడు, ఆ తర్వాతే పై వరసలు చూస్తాడు.

అసిరియా రాజూ బాబిలోను రాజూ, అన్నదమ్ములు ఇద్దరు రాజ్యం కోసం కొట్టుకుంటే బాబిలోను ఓడిపోయింది, దాని కిందున్న మేమూ ఓడిపోయాం. గెలిచినవాడు వెండి పట్టుకుపోతాడు, గొడ్లని తోలుకుపోతాడు. ఆ మాత్రం మాకూ తెలుసు. కానీ ఈ అసిరియా రాజుగారికి చదువు మీద మోజట! "మా దేశంలో లేని పలక ఎవరింట ఉన్నా పట్టుకురండి, ఎవరూ దాచడానికి వీల్లేదు" అని హుకుం పంపాడు. ఇల్లిల్లూ గాలించారు. గుళ్ళో పలకలు, బళ్ళో పలకలు, మంత్రసాని గూట్లో పలకలు, అన్నీ గంపల్లోకి ఎత్తారు.

"అయ్యా, రేపు బిడ్డకి జ్వరమొస్తే నేను దేన్ని చూసి మందివ్వను?" అని అప్లా ఆ అధికారి కాళ్ళు పట్టుకున్నాడు.

"రాజుగారి దగ్గర భద్రంగా ఉంటుందిలే. నినెవె వచ్చి చూసుకో," అన్నాడు వాడు. పక్కనున్న భటులు పడీ పడీ నవ్వారు. నినెవె ఏమన్నా పక్క వీధా? వెళ్ళడానికే నెల పడుతుంది.

పలకలు చదివి రాయగలవాళ్ళు కూడా కావాలని ఇంటికో కుర్రాణ్ణి పట్టుకున్నారు. ముషేజిబ్‌కి అప్పుడు ఇరవై మూడేళ్ళు. కాళ్ళకి ఇనప గొలుసులు వేసి బండెక్కించారు. అప్లా బండి వెనకాల పరిగెత్తాడు. "నాయనా, నా పేరు పోనీకురా! ఎక్కడున్నా సరే, పేరు మాత్రం పోనీకు!" అని దుమ్ములో పడిపోయేదాకా అరుస్తూనే ఉన్నాడు. బార్లీ కోతలకి ముందే పోయాడని ముషేజిబ్‌కి తర్వాతెప్పుడో తెలిసింది.

ఇక ఆ పలకల ఇల్లు. రోజూ బళ్ళు వచ్చేవి. ఉరుక్ ఊళ్ళో దోచింది, నిప్పురు ఊళ్ళో దోచింది, మా ఊళ్ళో దోచింది. మా ఊళ్ళు బోసిపోతుంటే అక్కడ అరలు నిండాయి. పట్టుకొచ్చిన కుర్రాళ్ళని గొలుసుల కాళ్ళతో వరసగా కూచోబెట్టి, అన్నిటినీ అసిరియా రాతలోకి ఎత్తి రాయించేవారు. అక్షరం అక్షరం ఒక్క చేతిలోంచి వచ్చినట్టుండాలి. నిజం చెప్పాలంటే చూడముచ్చటగానే ఉండేవి. ఆ మాట ఒప్పుకోవాల్సి వచ్చినప్పుడల్లా ముషేజిబ్‌కి ఒళ్ళు ఇంకా మండేది.

రెండో ఏట తండ్రి పలక ఆయన వంతుకే వచ్చింది. ఒక్క గుర్తు పొల్లుపోకుండా రాశాడు. అడుగున "ఇది అప్లా పలక" అని నొక్కాడు. వాళ్ళ మీద అజమాయిషీ చేసే పెద్ద, సిల్లాయ, వచ్చి చూశాడు. బొటనవేలు తడి చేసుకుని, ఆ వరస మీద ఒక్క రుద్దు రుద్దాడు. పేరు పోయింది.

"రాయరా, 'ఇది అసిరియా రాజు భవనం. నేనే రాశాను, నేనే సరిచూశాను.'"

"నేనే అంటే ఎవరయ్యా?"

"ఇంకెవరు, రాజుగారు."

"రాజుగారు ఎప్పుడు రాశారు? ఆయనకి పసిబిడ్డ ఉచ్చ రంగు తెలుసా? ఏ పిల్లనైనా ఒళ్ళో పడుకోబెట్టుకుని ఒక్క రాత్రి మేలుకున్నాడా?"

బెత్తం వీపు మీద విరిగింది. రెండోది తెప్పించారు. రాశాడు. రాయక ఏం చేస్తాడు? వరస వంకర పోయిందని మళ్ళీ రాయించారు.

"పాత పలక తొట్లో వెయ్యి," అన్నాడు సిల్లాయ. "ఒక మాటకి రెండు పలకలెందుకు? మట్టి పనికొస్తుంది."

కాల్చని మట్టి కదా, నీళ్ళలో పడితే ఎంతసేపు? తండ్రి ముప్ఫై ఏళ్ళ చూపు ఆయన కళ్ళ ముందే బురదయింది. ఆ బురదని ఆయన చేతనే పిసికించారు. వాళ్ళ చేతులు విరిగిపోనూ!

ఆ తర్వాత ముప్ఫై మూడేళ్ళు అక్కడే బతికాడు. గొలుసులు తీశారు, పోవడానికి మాత్రం వీల్లేదు. రాసిన పలకలు లోపలి గదికి వెళ్ళేవి, దాని తలుపుకి రాజముద్ర వేసేవారు. రాసినవాళ్ళకి గడప దాటే హక్కు లేదు. తండ్రి పలకని ఎవరైనా ఒక్కసారి బయటికి తీశారా అని కనిపించిన ప్రతి కాపలావాణ్ణీ అడిగేవాడు. ఎవరూ తియ్యలేదు. నినెవెలో పిల్లలు జ్వరాలతో చస్తూనే ఉన్నారు, మందు మాత్రం గదిలో భద్రంగా ఉంది.

చివరికి ఆ రోజు రానే వచ్చింది. తూరుపు కొండల మాదీయులూ మా బాబిలోను వాళ్ళూ కలిసి నినెవె గోడలు పగలగొట్టారు. ముషేజిబ్‌కి కాళ్ళు నేల మీద నిలవలేదు. వీధిలో మా యాసతో బూతులు వినబడేసరికి ఏడ్చేశాడు. ఎదురొచ్చిన దండు నాయకుడు నాదిను అనే కుర్రాడు. మా ఊరివాడే, చదువుకున్నవాడు. వాడి చెయ్యి పట్టుకుని, "రా నాయనా, మన ఊళ్ళ సొత్తంతా ఎక్కడుందో చూపిస్తా!" అని ఆయనే లాక్కుపోయాడు, ఆయనే తలుపు చూపించాడు. భటులు గొడ్డళ్ళతో తలుపు పగలగొట్టారు.

గది నిండా, నేల నుంచి కప్పు దాకా పలకలే. నాదిను ఒకటి తీశాడు. మావాడు కదా, ముందు అడుగు వరస చదివాడు. "ఇది అసిరియా రాజు భవనం. నేనే రాశాను." మొహం చిట్లించి ఇంకోటి తీశాడు, మరోటి తీశాడు. పదో పలక కూడా అదే మాట చెప్పింది.

"ఏం తాతా, మన సొత్తన్నావు? ఇక్కడ మనది ఒక్కటీ లేదు. అన్నీ ఆ కుక్కవే!"

"పైన చదువు నాయనా, పై వరసలు చదువు! అది నిప్పురుది, ఇది మన ఊరి గుడిది!"

"కింద అంత స్పష్టంగా ఉంటే పైన చదివేదేమిటి?" నాదిను ఆయన మొహంలోకి చూశాడు. "ఇంతకీ ఇవి ఎవరు రాశారు?"

ముషేజిబ్ "నేనే," అన్నాడు.

"నువ్వా? ముప్ఫై ఏళ్ళు వాడి పేరు రాస్తూ కూచున్నావా? థూ!"

భటులకి ఆ మాట చాలింది. గదలతో అరల మీద పడ్డారు. ముషేజిబ్ ఆ దుమ్ములో దేవులాడి దేవులాడి, పై వరస చదివి గుర్తుపట్టి, పిల్లల జ్వరాల పలకని పట్టుకున్నాడు. పొట్టకి అదుముకున్నాడు. "ఇది మా నాన్నదిరా! అప్లాది! నీ అమ్మకి పాలపళ్ళు వచ్చినప్పుడు మీ అమ్మమ్మ ఎవరి దగ్గరికి పరిగెత్తిందో వెళ్ళి అడగరా!" అని అరిచాడు. నాదిను లాక్కుని అడుగు వరస చూశాడు. నేలకేసి కొట్టి, మడమతో నలిపేశాడు. ఈలోగా ఎవరో దూలాలకి నిప్పంటించారు. ముషేజిబ్‌ని చెయ్యి పట్టి బయటికి ఈడ్చుకొచ్చారు.

ఆ శీతాకాలం ఆయన బోర్సిప్ప చేరాడు. వచ్చిన మూడో రోజునే ఒకావిడ, కాలిపోతున్న బిడ్డని ఎత్తుకుని గుమ్మంలోకి వచ్చింది.

"నువ్వు అప్లా కొడుకువట కదా తాతా? ఈ జ్వరానికి ఆయన ఏమిచ్చేవాడో చెప్పు."

ముషేజిబ్ తెల్లబోయాడు. "ఆయన పేరు నీకెలా తెలుసమ్మా?"

"భలేవాడివే! అప్లా పేరు తెలియంది ఎవరికి? మా అమ్మమ్మ, బిడ్డలకి నీళ్ళు పోసినప్పుడల్లా ఆయన్ని తలుచుకునేది. మందు చెప్పు తాతా, తొందరగా."

ఆయన కళ్ళు మూసుకున్నాడు. మొదటి వరస వచ్చింది, రెండోది వచ్చింది. ఆకు పేరు గుర్తుకొచ్చింది. పసిబిడ్డకి ఎన్ని చుక్కలో, అది మాత్రం రాలేదు. ఒక చుక్క ఎక్కువైతే ఆ ఆకు ప్రాణం తీస్తుంది.

"తెలీదు! నాకు తెలీదే తల్లీ!" అని అరిచేశాడు. ఆ అరుపుకి బిడ్డ ఉలిక్కిపడి ఏడ్చింది. "ఇంకో వైద్యుడి దగ్గరికి పో."

"అందరూ నీ దగ్గరికే పొమ్మన్నారు," అంది ఆవిడ.