మూల టేబుల్ కింద మూడు చుక్కలు

ఎవరైనా దయ్యం కథ మొదలుపెడితే మధ్యలోనే లేచి చాయ్‌కి పోయే రకం నేను. పందెం కాసి మా ఊరి శ్మశానం పక్క బావిలో ఒక్కణ్ణే ఈత కొట్టినవాణ్ణి. ఇప్పటికీ దయ్యాలున్నాయని ఒప్పుకోను. ఈ సంగతి ఇన్నాళ్ళూ ఎవరికీ చెప్పలేదంటే భయపడి కాదు, సిగ్గుపడి.

2003 నుంచి అయిదేళ్ళు బర్ దుబాయ్‌లో ఒక పాత హోటల్ కింది బార్‌లో వెయిటర్‌గా చేశాను. మాది జగిత్యాల దగ్గర పల్లె. కానీ అక్కడ హైదరాబాద్ అని చెప్పుకున్నాను. మావైపు వాళ్ళంటే క్యాంపు కూలీలేనని అక్కడి స్టాఫ్‌కి చిన్నచూపు. అందుకని తెలుగు రాదన్నాను, హిందీలోనే నెట్టుకొచ్చాను. మల్లేశం అనే పేరు చొక్కా మీది బిళ్ళలో మైక్ అయింది.

2006లో ఆ బార్‌కి ముప్పై ఏళ్ళు నిండాయి. గోడ నిండా పాత ఫోటోలు పెట్టి, పక్కన బార్ చరిత్ర రాసి తగిలించాలని మా మేనేజర్, గోవా ఆయన, సరదాపడ్డాడు. పాత గిరాకీల దగ్గర కథలు పోగుచేసే పని నాకు అప్పగించాడు. బాగా చేస్తే కెప్టెన్‌ని, అంటే వెయిటర్లందరి మీదా పెద్దని, చేస్తానన్నాడు.

ఇంక ఆగుతానా! మొదటిరోజు నుంచి వస్తున్న ఇంగ్లీషు ఓడ ఇంజనీరును అడిగాను. ఒకప్పుడు అక్కడ గిటార్ వాయించినాయన్ని అడిగితే, పాట మధ్యలో తీగలు తెగిన సంగతి చెప్పాడు. కౌంటర్ ఏ గోడ నుంచి ఏ గోడకు మారిందో కూడా రాసుకున్నాను.

పోశన్నను మాత్రం అడగలేదు. యాభై దాటిన మేస్త్రి ఆయన. ప్రతి శుక్రవారం మధ్యాహ్నం ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, ఊరి చివర సోనాపూర్ కూలీల క్యాంపు నుంచి బస్సులు మారి వచ్చేవాడు. మూల టేబుల్, ఒకే ఒక్క పెగ్గు రమ్ము. తాగేముందు గ్లాసులో వేలు ముంచి, మూడు చుక్కలు నేల మీద విదిలించి, పెదాలు కదిపేవాడు. మావైపు కల్లు తాగేవాళ్ళకు అలవాటే అది. పోయినవాళ్ళను పేరు పెట్టి తలుచుకుని, ముందు వాళ్ళకు పోసి, తర్వాత మనం తాగాలి. మా తాత కూడా అట్లాగే చేసేవాడు.

బార్ ముప్పై ఏళ్ళ పండగ కోసం కొత్త కార్పెట్ పరిచారు. ఆ శుక్రవారం పోశన్న ఎప్పటిలాగే మూడు చుక్కలు విదిలించాడు. మేనేజర్ చూస్తున్నాడు. నేను గబగబా వెళ్ళి, బార్ అంతా వినేలా హిందీలో కసిరాను.

"ఏ చాచా! యే కల్లు కీ దుకాన్ నహీ హై!"

ఇది కల్లు దుకాణం కాదు అని. హైదరాబాద్ హిందీలో అయితే కల్లుని సేందీ అనాలి. నోరు జారి కల్లు అన్నాను. మేనేజర్‌కి అదేం పట్టలేదు. పోశన్న మాత్రం తలెత్తి చూశాడు.

"కల్లు అన్నవ్. నీకు తెలుగొస్తది బిడ్డా," అన్నాడు మెల్లగా. "గీ బిల్డింగు కట్టంగ నేనున్న. నా దోస్తు పైకెల్లి ఈడనే వడి సచ్చిపోయిండు."

ఆ దోస్తు పేరు చెప్పాడు. ఊరు కూడా చెప్పాడు. మేనేజర్ ఇంకా నావైపే చూస్తున్నాడు. నేను, "క్యా? సమఝ్ నహీ ఆయా," అని అర్థం కానట్టు మొహం పెట్టాను.

ఆయన జేబురుమాలు తీసి, వంగి, ఆ మూడు చుక్కలూ తుడిచాడు. పెగ్గు ముట్టుకోకుండానే వెళ్ళిపోయాడు. ఆ వారమే నేను కెప్టెన్ని అయ్యాను. నా మొహానికి అదొక్కటే తక్కువైంది.

మరుసటి శుక్రవారం మధ్యాహ్నం బార్ తాళం తీసింది నేనే. మూల టేబుల్ కింద కార్పెట్ మీద మూడు తడి చుక్కలున్నాయి. వేలితో అద్ది వాసన చూశాను. రమ్ము. సీసాల అల్మారా తాళంచెవి నా జేబులోనే ఉంది.

ఆ పై శుక్రవారం కూడా అంతే. పైనుంచి ఏసీ కారుతోందేమో అనుకుందామంటే, ఏసీ నీళ్ళకు రమ్ము వాసన ఎక్కడిది? టేబుల్ జరిపి అక్కడ పూలకుండీ పెట్టాను. చుక్కలు కుండీ ముందు పడ్డాయి. ఇంకో శుక్రవారం అక్కడే కాపలా కూర్చున్నాను. ఫోను మోగితే లేచి, ఎత్తి, వెనక్కి తిరిగేసరికి మూడు చుక్కలు. మేనేజర్‌ని పిలిచి చూపిస్తే నేనే తాగుతున్నానని నా నోరు వాసన చూశాడు.

ఆ రోజు తర్వాత పోశన్న మళ్ళీ బార్‌కి రాలేదు, చనిపోయాడేమో అనుకున్నాను. ఆగలేక సోనాపూర్ వెళ్ళాను. ఆయన గదిలో ఉండే నిజామాబాద్ మనిషి ఒకాయన నన్ను ఎగాదిగా చూశాడు.

"పోశన్న సచ్చుడేంది? మంచిగున్నడు. ఖలాస్, వీసా క్యాన్సల్ చేసుకొని ఇంటికి వొయిండు. పోయే ముంగట దోస్తుకు చెప్పొస్త అని బారుకు వొయిండు గద. ఏమైందో ఏమో, చెప్పకుండనే వచ్చిన అని ఏడ్చిండు."

దోస్తు పేరేమిటని అడిగాను. ఆయనకు తెలియదు. ఆ కాలం నాటి వాళ్ళెవరూ ఇప్పుడు క్యాంపులో లేరన్నాడు. పోశన్న ఫోను నంబరు కూడా ఎవరి దగ్గరా లేదు.

ఆ శుక్రవారం ఎవరూ రాకముందే మూల టేబుల్ దగ్గర మోకాళ్ళ మీద కూర్చుని, రమ్ములో వేలు ముంచాను. విదిలించాను. ఆ రోజు విన్న దోస్తు పేరు గుర్తుకు రాలేదు. ఎంత తన్నుకున్నా రాలేదు. ఊరి పేరు కూడా పోయింది. ఆ తర్వాతి వారం కూడా చుక్కలు పడ్డాయి. 2008లో ఆ బిల్డింగు కూలగొట్టేదాకా పడుతూనే ఉన్నాయి. నేను రాసిన చరిత్ర అప్పటిదాకా గోడ మీదే ఉంది. అందులో గిటార్ తీగలు తెగిన సంగతి కూడా ఉంది.

ఆ చుక్కలు ఎవరు విదిలించారో, ఎట్లా పడ్డాయో నాకు ఇప్పటికీ తెలియదు. ఇప్పుడు మా ఊళ్ళోనే ఉంటున్నాను. కల్లు ముందు కూర్చున్నప్పుడల్లా మూడు చుక్కలు విదిలిస్తాను. మొదటిది మా తాత పేరున, రెండోది మా నాన్న పేరున. మూడో చుక్కకు నోరు తెరుస్తాను. ఆ రోజు అర్థం కాలేదని అబద్ధమాడాను కదా, ఇప్పుడు నిజంగానే ఆ పేరు నాకు తెలియదు.