బోర్డు మీద పాయసం

నాలుగు, ఐదు తరగతులకు పాఠాలు చెప్పినన్నాళ్లూ పిల్లలకు చదవడం నేర్పుతున్నది నేనే అనుకునేదాన్ని. నిజానికి నా దగ్గరకు వచ్చేసరికే వాళ్లకు చదవడం వచ్చేసి ఉండేది. తడబడే వాళ్లను కాస్త కూర్చోబెట్టి సరిచేసేదాన్ని, అంతే. కొవ్వూరుకు దిగువన, గోదావరి గట్టు పక్కనున్న మా ప్రాథమిక పాఠశాలలో ఒకటో తరగతి చూసే మేడంగారికి బదిలీ అయింది. హెడ్మాస్టారు నన్ను పిలిచి, ఈ ఏడాది ఒకటో తరగతి మీదేనండి అన్నారు.

"నాకు మరీ అంత చిన్నపిల్లలతో అలవాటు లేదండి" అన్నాను.

"మీకు లేకపోతే ఏం, వాళ్లకు టీచర్లతో అలవాటేనండి. అంగన్‌వాడీలో రెండేళ్లు చూసొచ్చారు కదా, వాళ్లే మిమ్మల్ని చూసుకుంటారు" అని నవ్వేశారు.

బడి తెరిచిన వారమంతా ఏడుపులతో, ముక్కులు తుడవడంతో సరిపోయింది. ఆ తర్వాత అసలు కష్టం మొదలైంది. పిల్లలందరికీ అక్షరాలు వచ్చు. 'క' చూపిస్తే 'కలం' అంటారు, 'ల' చూపిస్తే 'లత' అంటారు. మహా సంతోషంగా రెండూ పక్కపక్కన పెట్టి 'కల' అని రాసి చదవమన్నాను. తరగతంతా ఒక్క గొంతుతో "కలం లత!" అని అరిచింది.

రెండు శబ్దాలు కలిస్తే ఒక మాట అవుతుందని ఆరేళ్ల పిల్లకు ఎలా చెప్పాలో నాకు తెలియలేదు. నేనెలా నేర్చుకున్నానో గుర్తు తెచ్చుకుందామంటే ఏమీ గుర్తు రాలేదు. ఆదివారం మా అమ్మని అడిగాను.

"నాకేం తెలుసే! పొద్దున్న చూస్తే రాదు, సాయంత్రం చూస్తే గోడ మీద సబ్బు ప్రకటన చదివేస్తన్నావు. మధ్యలో ఏం జరిగిందో నేను చూళ్లేదు, వంటలో ఉన్నాను" అంది.

అలాంటి తరగతిలో ఒక పిల్ల మాత్రం నాకు ఊరట. గట్టు మీద ఇళ్లల్లోంచి వచ్చేది. వాళ్ల నాన్న గోదావరిలో చేపలు పడతాడు, అమ్మ ఆ చేపలు కొవ్వూరు తీసుకెళ్లి అమ్ముతుంది. రెండు జడలు, పై వరసలో ఒక పన్ను లేదు. వాచకం తెరిచి వేలు పెట్టి మొదటి పాఠం నుంచి గడగడా చదివేసేది. మిగతా పిల్లలు 'కలం లత' దగ్గరే ఉంటే, ఈ పిల్ల పేజీలకు పేజీలు చదివేది. హెడ్మాస్టారిని పిలిచి మరీ వినిపించాను.

ఒకరోజు మధ్యాహ్నం వాళ్ల నాన్న వచ్చాడు. పిల్ల గొడుగు మరచిపోయిందని తెచ్చి ఇచ్చి, వెళ్లకుండా గుమ్మంలోనే నిలబడ్డాడు.

"మా పిల్ల చదువుతుంటే ఓసారి ఇనొచ్చాండి?"

"రండి, కూర్చోండి" అన్నాను. కూర్చోలేదు. తలపాగా తీసి చేత్తో పట్టుకున్నాడు. పిల్ల పుస్తకం తెరిచింది. ఎప్పటిలాగే చదువుతోంది, వేలు కదులుతోంది, గొంతు ఖంగుమంటోంది. పేజీ తిప్పింది. వానాకాలం తేమకు రెండు కాగితాలు అంటుకుపోయి కలిసి తిరిగాయి. తెరుచుకున్న పేజీలో ఆవు బొమ్మ ఉంది. పిల్ల మాత్రం చిలక పాఠం చదువుతోంది. వేలు ఆవు పాఠం మీద ఉంది, నోట్లోంచి చిలక పాఠం ఒక్క అక్షరం పొల్లుపోకుండా వస్తోంది.

వాళ్ల నాన్న ముఖం వైపు చూశాను. ఆయనకు అక్షరం రాదు. కళ్లు చెమర్చి, పిల్ల వేలునే చూస్తున్నాడు.

"మా ఇంట్లో ఇదే మొదలండి, చదువు" అన్నాడు.

"చాలా తెలివైన పిల్లండి" అన్నాను. అది అబద్ధం కాదు. అంతకు మించి ఆ రోజు ఏమీ చెప్పలేకపోయాను.

తర్వాత మెల్లగా తెలిసింది. వాళ్ల పక్కింట్లో మూడో తరగతి చదివే అమ్మాయి రోజూ అరుగు మీద కూర్చుని పెద్దగా చదివేదట, ఈ పిల్ల పక్కన కూర్చుని వినేదట. విన్నది విన్నట్టు ఉండిపోతుంది. ఎంత జ్ఞాపకశక్తంటే, అదే నాకు అడ్డమైపోయింది. ఏ మాట రాసి చూపించినా, ఒకసారి ఎవరి నోటైనా వింటే చాలు, మర్నాడు చూడగానే చెప్పేస్తుంది. అది చదవడమో, గుర్తో నాకే తెలిసేది కాదు.

బొమ్మల పేర్లు మానిపించి, శబ్దాలే పట్టుకున్నాను. క అంటే కలం కాదు, ఉత్త 'క'. పిల్లలు విడివిడిగా 'వ' అని ఆగి, ఊపిరి పీల్చి, 'ల' అనేవారు. ఆ ఆగడంలోనే మాట విరిగిపోతోంది. ఒకరోజు ఆ పిల్లనే అడిగాను.

"మీ నాన్న పడవలో దూరంగా ఉంటే గట్టు మీంచి ఎలా పిలుస్తావే?"

లేచి నిలబడి, రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుని "నా...న్నో...య్!" అని ఒక్క కేక పెట్టింది. పక్క గదిలో ఐదో తరగతి వాళ్లు కిటికీల దగ్గరికి వచ్చేశారు.

"అలాగేనే! మధ్యలో ఊపిరి తీశావా? లేదుగా. అక్షరాల్ని కూడా అలాగే పిలవాలి. వ...ల..."

"వ...ల..." అని తరగతంతా గట్టు మీద నిలబడ్డట్టే అరిచింది. నాలుగైదు సార్లు అరిచాక వెనక బెంచీలోంచి ఎవరో "వలండి! చేపల వల!" అన్నారు. ఆ రోజు నుంచి మా తరగతి గొంతు ఊరంతా వినపడేది. హెడ్మాస్టారు ఒకసారి తలుపు దగ్గరకు వచ్చి, "పడవలేమన్నా వస్తున్నాయాండి ఇటు?" అని అడిగి వెళ్లారు.

పిల్లలు ఒక్కొక్కరే అందుకుంటున్నారు. దీర్ఘాలు వచ్చాయి, సున్న వచ్చింది. ఆ పిల్ల కూడా అందరితో పాటే అరుస్తోంది, కానీ ముందుగా ఎవరు చెబుతారో అని పక్కవాళ్ల నోటివైపే చూసేది. తప్పు చెప్పడం అలవాటు లేని పిల్ల. తెలియని మాట ఒంటరిగా చదవమంటే తల వంచేసుకుని జడ కొస నోట్లో పెట్టుకునేది. నేనూ బలవంతం చేయలేదు.

దసరా సెలవులు అయ్యాక ఒకరోజు మా గదిలో నల్లబల్లకు రంగు వేయించారు. తడి ఆరలేదు. వరండాలో మధ్యాహ్న భోజనంలో ఆ రోజేం పెడతారో రాసే చిన్న బోర్డు ఉంటుంది. వంటామె ఇంకా ఏమీ రాయించుకోలేదు. సరే, పిల్లల్ని వరండాలో కూర్చోబెట్టి ఆ బోర్డు మీదే ఆ పూట పాఠం చెబుదామనుకున్నాను. దీర్ఘం, సున్న కలిసొచ్చే మాటలు ఆలోచించి 'పాయసం' అని రాశాను. దాని కింద 'సాయం', దాని కింద 'గాయం'. ఇంకా ఎవరికీ చదివి చెప్పలేదు. ఇంతలో హెడ్మాస్టారు పిలిచారు. ఫోన్లో నా హాజరు ఎక్కడం లేదట, అందులోని యాప్ నా ముఖం గుర్తుపట్టనంటోందట. వెళ్లి కెమెరా ముందు అటూ ఇటూ తిరిగాను, కళ్లజోడు తీశాను, పెట్టాను, వెలుతురు కోసం బాదం చెట్టు కిందకి వెళ్లాను. చివరకు అది నన్ను ఒప్పుకునేసరికి ఇంటర్వెల్ బెల్లు కొట్టేశారు. ఆ తర్వాత గదిలో బల్ల ఆరిపోవడంతో, వరండా బోర్డు సంగతి మరచిపోయి లెక్కలు మొదలుపెట్టాను.

భోజనాల వేళ వంటగది వైపు నుంచి గోల వినిపించింది. వెళ్లి చూస్తే బడి మొత్తం కంచాలు పట్టుకుని ఉంది గానీ, ఎవరూ అన్నం పెట్టించుకోవడం లేదు. వంటామె గరిటె పట్టుకుని తెల్లబోయి చూస్తోంది.

"ఏంటండీ టీచరుగారూ ఇది! పప్పూ గుడ్డూ వండేనండి. ఈళ్లు పాయసం ఏదీ, పాయసం ఏదీ అని నా పేణం తీసేత్తన్నారు!"

"పాయసమేంటి?" అన్నాను. నాకింకా వెలగలేదు.

"బోర్డు మీద రాసేరండీ!" అని పెద్ద క్లాసు పిల్లలు ఒక్కసారే అన్నారు. "మేం కూడా ఎల్లి చదివేమండి. ఉందండి."

"ముందు ఎవరు చూశారర్రా?"

అందరి చేతులూ ఆ రెండు జడల వైపు తిరిగాయి. పిల్ల కంచం గుండెలకు హత్తుకుని నిలబడి ఉంది. దగ్గరకు వెళ్లి మోకాళ్ల మీద కూర్చున్నాను.

"నీకెవరు చెప్పేరే, పాయసమని?"

"ఎవరూ చెప్పలేదండి. అదే చెప్పిందండి."

"అదే అంటే ఏది?"

"బోర్డండి."

నమ్మాలని ఉంది, భయంగానూ ఉంది. ఇంకెవరో చదవగా విని ఉంటుంది కదా అని ఒక పక్క అనుమానం. కోప్పడతాననుకుందో ఏమో, గబగబా అంది:

"పాయసం తెలుసండి. కింద ఇంకో రెండున్నాయి కదండీ, సాయం, గాయం. అయ్యి మా ఇంట్లో ఎప్పుడూ ఒండలేదండి. గాయం తియ్యగా ఉంటదాండి, కారంగా ఉంటదా?"

నాకు నవ్వూ ఏడుపూ కలిసొచ్చాయి. దెబ్బ తగలడం తెలుసు గానీ గాయం అనే మాట ఆ పిల్ల ఎప్పుడూ విని ఉండదు. విననిది గుర్తు పెట్టుకోవడం ఎవరి వల్లా కాదు. చదివింది. ఇంటర్వెల్లో ఒక్కతే బోర్డు ముందు నిలబడి, పక్కవాళ్ల నోరు చూడకుండా, అక్షరాల్ని పిలిచి మాట రప్పించుకుంది. పిల్లను ఎత్తుకుని గిర్రున తిప్పాను. కంచం కిందపడి గణగణమంది.

వెనక నుంచి వంటామె, "గాయం కూర మాత్రం నా వల్ల కాదమ్మా, ముందే చెప్తన్నాను" అంది.

హెడ్మాస్టారు అప్పటికి అక్కడికి వచ్చి జరిగింది విన్నారు. పిల్లలంతా ఆయన తీర్పు కోసం చూస్తున్నారు. ఆయన చాలా గంభీరంగా బోర్డు దాకా నడిచి వెళ్లి, కళ్లజోడు సవరించుకుని చదివి, తిరిగి వచ్చారు.

"రాసేక పెట్టాల్సిందేనండి. లేకపోతే రేపట్నుంచి మనం రాసింది ఎవడు నమ్ముతాడు? ఇవాళ పప్పు తినేయండర్రా. రేపు పాయసం."

మర్నాడు నేను సేమియా, బెల్లం తెచ్చాను. ఊళ్లో ఒక రైతుగారు సంగతి విని నవ్వి నవ్వి, పాలక్యాను సైకిలు మీద పంపించారు. వంటామె, ఈ గోలలో పరాకు పడితే బెల్లం పాకంలో పాలు విరుగుతాయని అందరినీ వంటగదిలోంచి గెంటేసి, తనే యాలకులు దంచి, ఘుమఘుమలాడేట్టు చేసింది. మా ఒకటో తరగతి వాళ్లు ముందు బోర్డు దగ్గర ఆగి "పా...య...సం" అని గట్టు మీంచి పిలిచినట్టు పిలిచి, అప్పుడు వరసలో నిలబడ్డారు. వడ్డించింది తిని, కంచాలు కూడా నాకేశారు.

ఆ సాయంత్రం ఇంటికెళ్తూ గట్టు మీద వల ఆరేస్తున్న వాళ్ల నాన్న దగ్గర ఆగాను.

"మీ అమ్మాయికి చదవడం వచ్చేసిందండి!" అన్నాను. నా గొంతు నాకే కొత్తగా ఉంది.

ఆయన నన్ను ఆశ్చర్యంగా చూశాడు. "అదేంటండీ టీచరుగారూ, ఎప్పట్నుంచో చదివేస్తంది కదండీ! ఆ రోజు మీ ముందరే కదండీ ఇన్నాను?"

"అవునండి, ఇప్పుడు ఇంకా బాగా చదువుతోంది" అన్నాను. ఇంత చిన్న విషయానికి ఈ టీచరు ఇంత సంబరపడుతుందేంటా అని ఆయన నవ్వుతూ వల దులుపుకున్నాడు. నేనూ నవ్వుకుంటూ బండి స్టార్ట్ చేశాను.

ఆ తర్వాత ఆ పిల్లను ఆపడం కష్టమైంది. గుడులు, కొమ్ములు వచ్చేసరికి ఉప్పు ప్యాకెట్లు, ఎరువుల బస్తాలు, గోడలు, ఆటోల వెనక రాతలు, ఏదీ వదల్లేదు. మా ఊరి మీదుగా వెళ్లే బస్సుల బోర్డులు చదవడం ఆ పిల్లకు కొత్త సరదా. 'నిడదవోలు' అని ఒక్క గుక్కలో చదివేసేది.

సంక్రాంతి సెలవుల ముందు ఒక ఉదయం వాళ్ల అమ్మ ఖాళీ గంపతో నేరుగా నా తరగతిలోకి వచ్చేసింది. చెయ్యి పట్టుకుని పిల్లను లాక్కొచ్చింది.

"ఏంటండీ టీచరుగారూ, ఏం నేర్పేరండి దీనికి? ఇయ్యాల చేపలు రేవులోనే అమ్మేసుకుని, కొవ్వూరులో దీనికి గౌను కొందామని బస్సు కోసం నిలబడ్డామండి. బస్సొచ్చింది. ఎక్కబోతంటే ఇది నా కొంగట్టుకుని లాగేసిందండి. ఇది మన బస్సు కాదే అమ్మా అంటది. రోజూ ఎక్కే బస్సే, నాకు తెలీదేంటండీ! డ్రైవరుగారు చూసి చూసి పోనిచ్చేసేరు."

"ఎందుకే అలా అన్నావు?" అని పిల్లని అడిగాను.

పిల్ల ఏమాత్రం తగ్గలేదు. "దాని మీద 'కొవూరు' అని ఉందండి. మనది కొవ్వూరు కదండీ? అది వేరే ఊరండి. ఎక్కితే ఎటో ఎల్లిపోతాం."

వాళ్ల అమ్మ గంప కింద పెట్టి పకపకా నవ్వడం మొదలుపెట్టింది. నవ్వు ఆపుకోలేక బల్ల అంచు పట్టుకుంది. "చూసేరాండీ! దీన్ని అడక్కుండా ఇంక బస్సెక్కకూడదు కామోసు" అంది.

ఆమెను కూర్చోమని చెప్పి బోర్డు మీద పెద్దగా 'కొవ్వూరు' అని రాశాను. వత్తులు మరో నెలకు గానీ మొదలుపెట్టకూడదనుకున్నాను, కానీ బస్సులు అంతవరకూ ఆగేలా లేవు.

"ఇక్కడ 'వ' కింద చూడవే. ఏముంది?"

పిల్ల బోర్డుకు ముక్కు ఆనించేంత దగ్గరగా వెళ్లింది. "వంకరగా చిన్న తోకుందండి."

"అది తోక కాదు, ఇంకో 'వ'. కింద నిలబడి పైదాన్ని గట్టిగా నొక్కుతుంది. కొవ్... వూ...రు."

పిల్ల ఆ తోకను వేలితో తడిమి చూసి, నా వైపు తిరిగి, బాగా నొచ్చుకున్నట్టు అంది:

"ఇలాంటియ్యి ఉన్నాయని ముందే చెప్పాలి కదండీ టీచరుగారూ. ఇంకా ఎన్నున్నాయండి?"

"చాలా ఉన్నాయి."

"అయితే అన్నీ ఇయ్యాలే చెప్పేయండి" అని వచ్చి ముందు బెంచీలో కూర్చుంది. వాళ్ల అమ్మ కూడా, తర్వాతి బస్సు వచ్చేదాకా, గంప ఒళ్లో పెట్టుకుని గుమ్మం దగ్గరే కూర్చుండిపోయింది.