గుల్బార్ నెల

మా నల్లగొండ జిల్లాలో ఆ రోజుల్లో నెలలకు కొదవ లేదు. పంతులు పంచాంగంలో చైత్ర వైశాఖాలు, సాయిబుల ఇళ్లలో మొహర్రం, రంజాన్, కచేరీలో నైజాం సర్కారువారి ఫసలీ నెలలు. ఇన్ని ఉన్నా వాటిలో ఒక్కటీ మా గుడిసెలోకి తొంగిచూడలేదు. మాకు తెలిసింది దొర గడీలో వెట్టి. అది అన్ని నెలల్లోనూ ఉండేది.

దొర బిడ్డకు ఉర్దూ నేర్పడానికి నకిరేకల్ నుంచి ఒక ఉస్తాదు వచ్చేవాడు. పాఠం సాగినంతసేపూ అక్క విసనకర్రతో, నేను నీళ్ల చెంబుతో నిలబడేవాళ్లం. ఆజూర్, దై, బహమన్, ఇస్ఫందార్ అంటూ ఆయన సర్కారు నెలలు వల్లె వేయించేవాడు. చిన్న దొరసానికి అవి నోరు తిరిగేవి కావు. వినీ వినీ మాకు మాత్రం వచ్చేశాయి. ఒకరోజు ఆమె తడబడితే అక్క మెల్లగా తరువాతి నెల అందించింది. ఉస్తాదు నవ్వాడు. ఆ నవ్వుకు మేము చాలాకాలం అనుభవించాం.

ఆయన వెళ్లగానే చిన్న దొరసాని తనకూ ఒక రాజ్యం ఉందని ప్రకటించింది. అది గడీ వెనక గుట్టకు అవతల ఉందట. రాణి తాను, ప్రజలం మేమిద్దరం. ఆ రాజ్యానికి నెలలు కూడా ఆమే పుట్టించింది. మూగ నెలలో నోరు విప్పితే తొడపాశం. ఒంటికాలి నెలలో ఒంటికాలి మీద నిలబడి విసరాలి. ఉపాసం నెలలో మాకు పోయాల్సిన జొన్న గటకను మా కళ్ల ముందే కుక్కలకు పోయించేది. ఏ నెల ఎప్పుడు వస్తుందో, ఎప్పుడు పోతుందో అంతా రాణిగారి ఇష్టం. పిల్లల ఆటలే కదా అంటారు కొందరు. అనేవాళ్ల తొడలు బాగానే ఉంటాయి.

మంచి నెల ఒకటుండేది. దాని పేరు గుల్బార్. సర్కారు నెలల్లాగే నిండుగా వినబడాలని అలా పెట్టుకుంది. ఆ నెలలో రాణి ఊపాలి, ప్రజలు ఉయ్యాల ఎక్కాలి. వచ్చేది గుల్బారే అని రోజూ ఆశపెట్టేది. ఒకే ఒక్కసారి వచ్చింది. అక్కను ఉయ్యాల ఎక్కించి, రెండు ఊపులు ఊపి, నెల అయిపోయిందంటూ కిందికి తోసేసింది. అక్క మోచేయి చీరుకుపోయింది. అయినా ఇంటికొచ్చే దారి పొడుగునా అక్క నవ్వుతూనే ఉంది. పైకి పోయినప్పుడు గడీ గోడ మీదుగా మన ఇల్లు కనబడ్డదని చెప్పింది. ఆ నవ్వు గుర్తొస్తే ఇప్పటికీ నాకు ఒళ్లు మండుతుంది.

చిన్న దొరసానికి హుజూర్‌నగర్ దిక్కు ఒక గడీకి సంబంధం కుదిరింది. అరణంగా ఆవులు, ఇత్తడి బిందెలు, వాటితోపాటు మా అక్క. అలా పెళ్లికూతురి వెంట పంపే పిల్లను ఆడబాప అంటారు. ఆమెకు పెళ్లి ఉండదు, పుట్టిల్లు ఉండదు. ఆ గడీ మగవాళ్లు ఆమెను ఏం చేసినా అడిగే దిక్కుండదు. మా అమ్మకు ఇదంతా తెలుసు. అందుకే మేనా లేచే వేళ దారికి అడ్డంగా పడి, నా బిడ్డను మళ్లా ఎప్పుడు పంపుతారని అడిగింది.

చిన్న దొరసాని మేనా తెర పక్కకు జరిపింది. అమ్మను కాదు, అక్కను చూసి నవ్వింది.

"ఏడ్వకే. గుల్బార్ నెలల పంపిస్త."

అక్క తలెత్తలేదు. పాన్‌దాన్ చంకన పెట్టుకుని మేనా వెనక నడిచింది. అమ్మ మాత్రం కళ్లు తుడుచుకుంది.

ఇంటికి రాగానే అలాంటి నెలే లేదని చెప్పాను. చెంప పగిలింది. అన్నీ ఉన్న దొర బిడ్డకు అబద్ధమాడే గతేం పట్టిందని అమ్మ వాదన. ఆమెకు ఇస్ఫందార్ ఎంతో గుల్బార్ అంతే. రెండూ పెద్దవాళ్ల నోటి నుంచి వచ్చే మాటలే.

కచేరీకి వెళ్లి పట్వారీని అడిగింది. అరుగు మీద నలుగురు పెద్దమనుషులు కూర్చుని ఉన్నారు. లేదని చెబితే ఒక్క మాటతో పోయేది. ఆయనకు పొద్దు పోవాలి కదా.

"ఎందుకు లేదే? మన అధికమాసం లెక్క. ఆబాన్ పోయినంక, ఆజూర్ రాకముందు వస్తది. అన్ని ఏండ్లల్ల రాదు."

ఆబాన్ వెంటే ఆజూర్ వస్తుందని తెలిసిన అరుగంతా నవ్వింది. అమ్మ ఆయన కాళ్లకు మొక్కి వచ్చింది. ఆనాటి నుంచి అది ఊరికి పరాచికమైంది. ఎవరైనా గింజలు అడిగితే గుల్బార్‌లో పట్టుకపో అనేవాళ్లు. మా వాడలో వాళ్లు కూడా అన్నారు, వాళ్లనూ నేను మరిచిపోలేదు. అది చెవిన పడ్డప్పుడల్లా ఊరందరికీ ఆ నెల తెలుసు కదా అని అమ్మ నమ్మకం ఇంకాస్త గట్టిపడేది. ఏటా ఆబాన్ చివర ఇల్లు అలికి, అక్కకు ఇష్టమని నువ్వుల ముద్దలు చేసి ఉట్టిమీద పెట్టేది. ఆజూర్ వచ్చిందని చెప్పడం నా వంతు.

కాన్పుకని చిన్న దొరసాని పుట్టింటికి వచ్చింది. మంచం పక్కన విసురుతున్నది వేరే పిల్ల. అమ్మ గుల్బార్ మాటెత్తితే ఆమె నొసలు ముడిచి, అదేం నెల అని అడిగింది. నిజంగానే గుర్తులేదు. అక్క అక్కడే ఉంటుందని చెప్పి, గట్టిగా విసరమని ఆ పిల్లను కసిరింది. పాపం, నొప్పుల మనిషి, ఏం గుర్తుంటుందిలే అని బయటికొచ్చి అమ్మే ఆమెను వెనకేసుకొచ్చింది.

తరువాత నైజాం పోయింది. హుజూర్‌నగర్ దిక్కు దొరలు పట్నం పారిపోతూ అక్కను కూడా వెంట తీసుకుపోయారని బండ్లవాళ్లు చెప్పారు. పట్నంలో ఎక్కడో ఎవరికీ తెలియదు. మా ఊళ్లో డప్పులు మోగాయి, గడీ తలుపులు బార్లా తెరిచారు. కచేరీలో పాత నెలలు తీసేశారని, ఇక జనవరి, ఫిబ్రవరేనని ఒకతను వాడంతా చెప్పుకుంటూ వెళ్లాడు. ఆ మాటకు నాకు నవ్వొచ్చింది.

అమ్మ నువ్వులు చెరుగుతున్న చాట కింద పెట్టింది.

"అన్ని తీసేసిన్రా? గుల్బార్ గూడ?"

లేని నెలను లేదన్నందుకు ఒకప్పుడు దెబ్బ తిన్నదాన్ని. ఈసారి తీసేశారనే చెప్పాను.

"మరి నా బిడ్డ ఏ నెలల రావాలె?" అని అడిగింది అమ్మ.