సరళ మీదికి నెట్టిన తప్పు

నా తప్పుకు ఇంకొకరి పేరు చెప్పాను. ఇన్నేళ్లుగా ఆ బరువు నాతోనే ఉంది. ఇంట్లోవాళ్లకు కూడా చెప్పుకోలేదు. మీకు చెబుతున్నాను.

రెండువేల సంవత్సరం దాటిన కొత్తల్లో అనంతపురంలో ఒక చిన్న సాఫ్ట్‌వేర్ ఆఫీసులో పనిచేసేవాణ్ణి. అయిదుగురం. పల్లెల్లోని కంప్యూటర్ కేంద్రాలకు వచ్చే రైతులకు ఏ పంట వేసుకోవచ్చో చూపించే ప్రోగ్రాం మాది. ఎక్కువమంది నొక్కిన పంట తెర మీద పైకి వస్తుంది. ఆ పద్ధతి రాసింది నేనే. మొదట్లో వేరుశనగను పైన పెట్టాను. పైన ఉంది కాబట్టి అందరూ దాన్నే నొక్కారు. కొర్ర, సజ్జ, అలసంద రెండో పేజీకి పోయాయి. ఇక వాటిని చూసినవాళ్లు లేరు.

ముందుగా గమనించింది సరళ. నల్లమాడ దగ్గరి మెట్టరైతు కూతురు, మాలో అందరికంటే చిన్నది. ఒకరోజు అన్నం తింటూ అంది:

"మనం పైన పెట్టిండేదాన్నే నొక్కుతాండారన్నా. నొక్కినారని మళ్లా దాన్నే పైన పెడతాండాం. ఇది వాళ్ల ఇష్టమెట్లయితాది?"

మా ఆఫీసు నడిపే సార్‌తో మాట్లాడతానన్నాను. మాట్లాడలేదు. ఎందుకు? భయమా? ఆ పద్ధతిని అందరూ మెచ్చుకుంటుంటే, అందులో లోపముందని నా నోటితో నేనే చెప్పుకోవడం, అదీ నిన్నగాక మొన్న చేరిన పిల్ల పట్టిన లోపమని ఒప్పుకోవడం నాకు చిన్నతనమనిపించింది. అంతే.

ఆ ఏడు వాన మొహం చాటేసింది. వేరుశనగ, కాయ పట్టే ఊడలు నేలలోకి దిగకముందే ఎండిపోయింది. కొర్ర వేసిన కొద్దిమందికి గుప్పెడు గింజలు, పశువులకు గడ్డి అయినా దక్కాయి. రైతులు కేంద్రాల దగ్గరికొచ్చి నిలదీశారు. సార్ మా అయిదుగురినీ కూర్చోబెట్టి, తెర మీద పంటల వరుస రోజూ చూసేది ఎవరని అడిగాడు.

"సరళ చూసేది సార్," అన్నాను.

మిగతా ముగ్గురికీ నిజం తెలుసు. తలలు దించుకున్నారు. సరళ నా వైపే చూస్తూ మెల్లగా అంది:

"మా నాయన కూడా ఆ తెర చూసే కొర్ర ఇడిసిపెట్టినాడన్నా."

మరునాటి నుంచి ఆమె రాలేదు.

తర్వాత మా ఆఫీసులో తప్పు కనబడినా ఎవరూ నోరు విప్పలేదు. నవ్వులు పోయాయి. టీకి కూడా ఎవరికి వారే వెళ్లేవారు. ఏడాది తిరక్కుండానే ఒక్కొక్కరూ వెళ్లిపోయారు.

చాలా ఏళ్లకు కదిరి బస్టాండులో సరళ కనిపించింది. ఎదురుపడే ధైర్యం లేక, ఆమె బస్సు కదిలేదాకా ఒక అంగడి చాటున నిలబడ్డాను. ఆ రోజైనా నోరు తెరిచి ఉండొచ్చు కదా?

క్షమించమని అడగడం లేదు. అడగాల్సిన మనిషికి ఇది చేరదు కూడా. ఆ పద్ధతి రాసింది నేను. తెలిసీ ఊరుకున్నది నేను. ఇంతవరకు రాయగలిగాను. ఊపిరి కొంచెం తేలికగా ఆడుతోంది.