మంచు దారి, మూలన చెరువు

ఫయాజ్ లారీ మీద ప్రపంచమంతా తిరిగినవాడు. నార్వేలో మంచు కొండలు దిగాడు, జర్మనీలో వంతెనల మీద జోరువానలో బండి నడిపాడు, స్పెయిన్‌లో రోడ్డు పక్కన లారీ ఆపుకుని సూర్యాస్తమయం చూశాడు. ఇదంతా కంప్యూటర్ గేములో. మామూలుగా అయితే వాడు ఏలూరు నుంచి ఆకివీడు దాకా, ఎప్పుడైనా పని పడితే తాడేపల్లిగూడెం దాకా, అంతే.

వాడి తండ్రి మీరావలి ఏలూరులో తివాచీలు నేసేవాడు. మగ్గం పక్కన కూర్చుని పెరిగినందుకేమో, ఫయాజ్‌కి దేన్ని చూసినా చుట్టూ అంచు కట్టి చూసే అలవాటు. గేములో సరుకు ఎప్పుడు చేరిందన్నది వాడికి పట్టదు. కొండ, మబ్బు, లారీ దీపాల వెలుగు సరిగ్గా కుదిరిన క్షణంలో కీబోర్డు మీద రెండు మీటలు కలిపి నొక్కుతాడు. తెర మీద ఉన్నదంతా ఫోటోగా మారి ఫోల్డర్లో పడుతుంది. అలాంటివి వేలు దాచాడు.

ఆకివీడులో మా మేడ మీది గదిలో అద్దెకుండేవాడు. సాయంత్రం కిందికి దిగి ఫోన్లో ఆ ఫోటోలు చూపించి, "నిన్న ఇక్కడున్నానండి తాతగారూ" అనేవాడు. నా చిన్నప్పుడు కొల్లేట్లో మా పడవని చిగురుకోట దాకా లాక్కెళ్ళిన కొర్రమేను సంగతి నేను చెప్పేవాణ్ణి. ఇద్దరివీ కోతలే. కాకపోతే వాడి కోతలకి ఫోటోలుండేవి.

ఉద్యోగం ఊరి బయట గోపీచంద్ గారి చేపల చెరువుల మీద. మేత లెక్కలు కంప్యూటర్లో ఎక్కించాలి, గట్ల మీది కెమెరాలు చూస్తుండాలి. ఆఫీసు గదిలోని ఆ కంప్యూటర్ ముసలిది. కెమెరాల రికార్డింగూ గేమూ ఒకేసారి నడిపించమంటే మొరాయించేది. అందుకని గేము పెట్టినప్పుడల్లా ఫయాజ్ రికార్డింగు ఆపేసేవాడు. పూర్తిగా వదిలేయడానికి మనసొప్పక, చెరువు కనిపించే చిన్న గడినొకదాన్ని తెర మూలన ఉంచుకునేవాడు. ఫోటో తీస్తే ఆ మూల కూడా పడేది. ఇంటికొచ్చి, కొండల పక్కన కొల్లేరు బాగుండదని, దాన్ని కత్తిరించేసేవాడు.

శ్రావణమాసంలో ముసురు పట్టింది. ఎండ లేకపోతే చెరువు నీళ్ళలో ప్రాణవాయువు తగ్గుతుంది. నీళ్ళు చిలికి గాలి కలిపే ఏరియేటర్లు ఆగకుండా తిరగాలి. ఒకరోజు పొద్దున కరెంటు పోయింది, అవి ఆగిపోయాయి. బొచ్చె చేపలూ శీలావతులూ నోళ్ళు తెరుచుకుని పైకి తేలాయి. గోపీచంద్ గారి కారు వచ్చేసరికి పెద్ద చెరువు చచ్చిన చేపలతో తెల్లగా ఉంది.

కాపలా తోమాది. గట్టు మీద రేకుల పాకలో భార్య పాపమ్మతో కాపురముండే యాభై ఏళ్ళ మనిషి. కరెంటు పోయినప్పుడు ఏరియేటర్లు నడిపే డీజిల్ ఇంజను ఎంత తిప్పినా అందుకోలేదండి అన్నాడు. గోపీచంద్ గారు వెళ్ళి తిప్పితే ఒక్క తిప్పుకే అందుకుంది. యజమాని ఎవరో ఇంజన్లకి కూడా తెలుసు కాబోలు.

"తాగి పడుకున్నావు. అంతేనా?"

"లేదండి. ఏసుప్రభువు సాక్షి అండి."

"ఆయన్నెందుకులే. కెమెరా ఉందిగా. ఏమయ్యా ఫయాజ్, వీడియో తియ్యి."

వీడియో లేదు. ఆ సమయానికి ఫయాజ్ నార్వేలో ఉన్నాడు. ఆఫీసుకీ కెమెరాలకీ ఇన్వర్టరుంది గనక కరెంటు పోయిన సంగతే వాడికి తెలియలేదు.

"వానకి కెమెరా దెబ్బతిన్నట్టుందండి" అన్నాడు.

తోమాని వారం తిరక్కుండా పాక ఖాళీ చెయ్యమన్నారు. ఈ సంగతి పక్క చెరువుల వాళ్ళందరికీ చేరింది. ఆ చుట్టుపక్కల అతన్ని ఇంకెవరూ కాపలాకి పెట్టుకోరు. పాపమ్మ ఆఫీసు గుమ్మం దగ్గరికి వచ్చి, "కెమెరాలో మా ఆయన ఎక్కడా అగపడలేదాండి బాబూ?" అని అడిగింది. లేదన్నాడు. "పోనీలెండి, వానకి యంత్రం మాత్రం ఏం చేస్తుంది" అని తనే సర్దిచెప్పి వెళ్ళిపోయింది.

ఆ సాయంత్రం వాడు అలవాటుగా నార్వే ఫోటోల మూలలు కత్తిరించబోయాడు. కాసేపటికి లాప్‌టాప్ పట్టుకుని నా దగ్గరికి దిగి వచ్చాడు.

"చూడండి తాతగారూ."

తెర నిండా మంచు. వాడు అంతవరకూ తీసిన వాటిలో అంత చక్కని ఫోటో నేను చూడలేదు. మూలన, అగ్గిపెట్టంత గడిలో, వానలో ఒక మనిషి ఇంజను మీదికి వంగి ఉన్నాడు. తర్వాతి ఫోటోలో లారీ లోయలోకి దిగింది, తోమా ఇంకా ఇంజను మీదే వంగి, ఒక చెయ్యి ఎత్తి ఉన్నాడు. ఇంకొన్ని ఫోటోల తర్వాత లారీ సొరంగం దాటింది. తోమా రొమ్ముల లోతు నీళ్ళలో నిలబడి చెక్కముక్కతో చెరువుని బాదుతున్నాడు. ఏరియేటర్ల పని ఒక్క మనిషి రెండు చేతులతో చేస్తున్నాడు.

"ఇది చూపిస్తే అతని పాక అతనికి దక్కుతుంది. నా ఉద్యోగం పోతుంది" అన్నాడు ఫయాజ్. "ఏం చెయ్యమంటారు?"

నాకు అడ్డదారి తోచడానికి ఎంతోసేపు పట్టదు. "ఇన్నాళ్ళూ ఏ మూల కత్తిరించి పారేశావో, ఈసారి ఆ మూలే ఉంచు. మంచు పారెయ్యి. కెమెరాలోంచి ఎలాగో ఒక ఫోటో పైకి తీశానని చెప్పు."

వాడి ముఖం కొంచెం తేటపడింది. మర్నాడు ఆ ముక్కని పెద్దది చేసి ప్రింటు తీసుకెళ్ళాడు. గోపీచంద్ గారు కళ్ళజోడు పెట్టి చూసి, కళ్ళజోడు తీసి చూశారు.

"ఇది తోమానా, తాటి మొద్దా? పోనీ తోమానే అనుకుందాం. ఆవేళ తీసిందని ఏముంది? మొన్న తీసింది కావచ్చు, పోయినేడు తీసింది కావచ్చు."

తేదీ, సమయం ఉండేది తెర అడుగున పట్టీలో. దాన్ని కూడా మంచుతో పాటే కత్తిరించేశాం.

రెండు రోజులు వాడు నా దగ్గరికి రాలేదు. మూడో రోజు పొద్దున స్కూటర్ తీస్తూ, "తోమా వాళ్ళు ఇవాళ వెళ్ళిపోతున్నారండి" అన్నాడు. నేను వెనక ఎక్కి కూర్చున్నాను.

గేటు దగ్గర తోమా, పాపమ్మ సామాను మూటగట్టి ఆటో కోసం చూస్తున్నారు. గణపవరంలో పాపమ్మ చెల్లెలి ఇంటికి వెళ్తారట. ఫయాజ్ వాళ్ళని కూడా ఆఫీసులోకి రమ్మన్నాడు. లాప్‌టాప్ బల్ల మీద పెట్టి, మొత్తం ఫోటో తెరిచి, పక్కకి జరిగి నిలబడ్డాడు.

గోపీచంద్ గారు మొదట, "ఈ మంచేంటి?" అన్నారు.

"గేమండి. ఆడుతూ తీశాను. మూలన చూడండి. కింద టైముంది."

ఆయన మూల చూశారు, కింద చూశారు. మళ్ళీ మంచు చూశారు. "అయితే కెమెరా బాగానే పనిచేసింది."

"చేసిందండి. రికార్డింగు నేనే ఆపేశాను."

గోపీచంద్ గారు కళ్ళజోడు తీసి జేబులో పెట్టుకున్నారు.

"తోమా, సామాను లోపల పెట్టుకో" అన్నారు గోపీచంద్ గారు. ఫయాజ్ వైపు చూడకుండానే, "తాళాలు బల్ల మీద పెట్టి వెళ్ళు. ఇంకెక్కడా నా పేరు చెప్పకు" అన్నారు. కుర్చీ వెనక్కి తోసుకుని బయటికి నడిచారు.

ఫయాజ్ తాళాలు పెట్టాడు. లాప్‌టాప్ మూయబోతుంటే తోమా, "ఒకసారి చూడనివ్వండి బాబూ" అని వంగాడు. తన బొమ్మ తను గుర్తుపట్టడానికి కొంచెంసేపు పట్టింది. వేలు తెరకి తగలకుండా చూపించాడు.

"ఈ చెయ్యి పైకెత్తింది మీ కోసమేనండి. ఆఫీసు వైపు తిరిగి పిలుస్తున్నాను."

ఆ చెయ్యి మేమిద్దరం చూసిందే. వాన తుడుచుకుంటున్నాడనుకున్నాం.

"చెవులకి హెడ్‌ఫోన్లున్నాయి బాబాయ్" అన్నాడు ఫయాజ్. "లారీ శబ్దం పెద్దగా పెట్టుకున్నాను."

"అలాగాండి. మీరు టిఫినుకి వెళ్ళారనుకున్నాను. అయ్యగారు అడిగితే కూడా అదే చెప్పాను. మీకు మాటొస్తుందని."

పాపమ్మ మూట ఎత్తుకుని పాక వైపు వెళ్ళిపోయింది.

"తర్వాతది చూపించండి" అన్నాడు తోమా.

ఫయాజ్ మీట నొక్కాడు. లారీ ముందుకెళ్ళింది. మూలన తోమా ఇంజను వదిలి గట్టు మీదికి వచ్చాడు, చెయ్యి పైకే ఉంది.

"ఇక్కడా పిలిచానండి."

మళ్ళీ నొక్కాడు. మంచు ఇంకా దట్టమైంది, దారి కనిపించడం లేదు. మూలన తోమా మోకాళ్ళ లోతు నీళ్ళలో ఉన్నాడు. ముఖం ఇటే ఉంది.

"ఇక్కడ కూడాను."

ఫయాజ్ వేలు మీట మీదే ఆగిపోయింది. తోమా ఎదురు చూశాడు. చివరికి ఫయాజ్ నొక్కాడు. లారీ కొండ పైకెక్కింది, మబ్బు విడిపోయి పల్చగా ఎండ పడుతోంది. మూలన తోమా రొమ్ముల లోతు నీళ్ళలో, మాకు వీపు పెట్టి, చెక్కముక్క ఎత్తి ఉన్నాడు.

తోమా దాన్ని చాలాసేపు చూశాడు.

"ఇక్కడికొచ్చేసరికి పిలవడం మానేశానండి" అన్నాడు.