పడవకు రెండే కొలతలు

మొన్న పుస్తకాల బీరువా చేయించుకుందామని వడ్రంగిని పిలిపించాను. అతను జేబులోంచి ఉక్కు టేపు తీసి సర్రుమని లాగి, కొస నా చేతికిచ్చి, "కాస్త గోడకానించి పట్టుకోండమ్మా" అన్నాడు. ఆ చల్లని రేకు వేలికి తగలగానే గోడకానించడం మరిచి అలాగే నిలబడిపోయాను. పక్కనే మూత తీసి పెట్టిన ట్రంకుపెట్టెలోంచి ఎండు వేపాకూ పాత కాగితమూ కలిసిన వాసన వస్తోంది. అరవై ఏళ్ల కిందటి ఉదయం ఒకటి కళ్లముందు నిలబడింది. కాలువ గట్టు, తారు పూసిన పడవ, ఇలాగే ఒక టేపు కొస పట్టుకున్న నేను. "ఏమ్మా, కళ్లు తిరుగుతున్నాయా?" అన్నాడు వడ్రంగి. కాదని చెప్పి, కూర్చోమని అతనికి కాఫీ ఇచ్చాను.

ఆ పెట్టె పెంచలయ్య గారిది. యాభైల చివర, బోగోలుకు తూర్పున కాలువ గట్టు మీది ఊళ్లో నాకు మొదటి ఉద్యోగం వచ్చింది. ఆ బడికి ఆయన హెడ్మాస్టరు, నేను అసిస్టెంటు, అంతే. నెల్లూరు టౌనులో పుట్టి పెరిగిన నేను బిట్రగుంటలో రైలు దిగి, జట్కా ఎక్కి, ఆపైన ఇసుకలో నడిచి అక్కడికి చేరేసరికి ఏడుపొక్కటే తక్కువ. ఆయన సన్నగా, ఎత్తుగా ఉండేవారు. అరిగిన కోటు, చెవి వెనక సుద్దముక్క. ఆయనకొక అలవాటుండేది. ఎక్కడికి వెళ్లినా గుమ్మం బయట ఆగి, "రావచ్చునా?" అని అడిగేవారు. తన బడిలో, తన కింద పనిచేసే నా తరగతిలోకి రావడానికి కూడా అడగడమే. ఇరవై ఏళ్ల పిల్లను, నాకది నవ్వుగా ఉండేది. రావద్దంటే ఏం చేస్తారో చూడాలని ఒకసారి నిజంగానే "ఇప్పుడు కాదండీ" అన్నాను. "సరేనమ్మా" అని వెనక్కి వెళ్లిపోయారు. నేనే సిగ్గుపడి వెళ్లి పిలుచుకొచ్చాను.

ఆయనకు ఉన్న ఒకే ఒక్క పిచ్చి పుస్తకాలు. అవీ ఏవో పుస్తకాలు కావు, పోయిన లోకాల పుస్తకాలు. ఏటా వేసవి సెలవుల్లో మద్రాసు పాత పుస్తకాల అంగళ్లలో తిరిగి, అట్టలు ఊడిన ఇంగ్లీషు పుస్తకాలను సంచీ నిండా మోసుకొచ్చేవారు. కొండంత బల్లులు తిరిగిన కాలం, భూమిని మంచు కప్పేసిన కాలం, గుహల్లో బతికిన మనుషులు, ఇసుకలో పూడిపోయిన పట్నాలు, ఎక్కడో దీవుల్లో వేటాడుకుని బతికి ఆనవాలు లేకుండా పోయిన జాతులు. శనివారం మధ్యాహ్నం ఆ పెట్టె తెరిచి, బొమ్మలు చూపిస్తూ పిల్లలకు తెలుగులో చెప్పేవారు. ఆ జంతువుల ఇంగ్లీషు పేర్లు పిల్లల నోటికి తిరగవని తనే పేర్లు పెట్టారు. ఒకటి మెడపొడుగుది, ఒకటి మూడుకొమ్ములది.

"అయివోరూ, మెడపొడుగుది ఏం తినేది?" అని అడిగింది లక్ష్మి అనే మూడో తరగతి పిల్ల.

"ఆకులమ్మా."

"ఉత్త ఆకులు తిని అంత పెరిగిందా? మా అవ్వోళ్ల ఎనుముకి తౌడు పెట్టకపోతే ఒక రోజు గూడా ఊరుకోదే!"

ఆయన పడీ పడీ నవ్వి, ఆ ప్రశ్నను పుస్తకం అంచున పెన్సిలుతో రాసుకున్నారు. ఆ పుస్తకం ఇప్పుడు నా దగ్గరే ఉంది. బడికి బావి తవ్వినప్పుడు రెండు నిలువుల లోతున గుల్లలు పడ్డాయి, తెల్లగా, పొరలు పొరలుగా. ఆయన పంచె ఎగ్గట్టి తనే లోపలికి దిగి, దోసిలినిండా పట్టుకుని పైకొచ్చారు. "చూడమ్మా సరోజినీ, సముద్రం ఒకప్పుడు మన బడిలోనే కూర్చుని లేచిపోయింది" అన్నారు. ఆ రోజు మొదటిసారి నాకు ఆ ఊరు వదిలిపోవాలనిపించలేదు.

లక్ష్మి తండ్రి కోటయ్యది పడవ. సరుగుడు కట్టెలు మద్రాసుకు వేసుకుపోయి, తిరిగివస్తూ సున్నానికి గుల్ల వేసుకొచ్చేవాడు. గాలి ఉంటే తెరచాప, లేకపోతే గడ, అదీ సాగకపోతే గట్టు మీద నడుస్తూ తాడుతో లాగడం. ఆ కాలువ మీద బతికిన వాళ్లందరి సంగతీ అంతే. పడవ ఊళ్లో ఆగిన శనివారాల్లో కోటయ్య బీడీ ఆర్పి చెవిలో పెట్టుకుని, బడి కిటికీ దగ్గర నిలబడి వినేవాడు. ఒకసారి ఉండబట్టలేక అడిగేశాడు.

"ఆ జంతువుల్ని చూసినోడు ఒకడూ లేడు గదా అయివోరూ. మరి ఎట్టా రాసినారు?"

"ఎముకలు దొరికినాయి కోటయ్యా. ఎముకను బట్టి ఒళ్లు, ఒంటిని బట్టి నడక తెలుసుకున్నారు."

కోటయ్య కాసేపు కాలువ వైపు చూశాడు. "లారీలొచ్చినాక మాకు బాడుగలు సగమైపోయినాయి. ఇంకో పదేళ్లకి ఈ కాలవలో పడవనేది ఉండదు. మా పడవకి ఎముకలు గూడా మిగలవయ్యా. కొయ్య గదా, పొయ్యిలోకి పోతాది" అన్నాడు. బాధగా కూడా అనలేదు, వానొస్తుందేమో అన్నట్టు అన్నాడు.

పెంచలయ్య గారు ఆ వారమే కావలి వెళ్లి లావుపాటి నోటుపుస్తకం కొన్నారు. పోయాక ఎముకలు ఏరుకునే కంటే ఉండగానే అడిగి రాసుకుంటే తప్పులు తక్కువ దొర్లుతాయి అన్నారు నాతో. ఇక అక్కడినుంచి కోటయ్యను వదిలితే ఒట్టు. ఏ నెలలో ఏ గాలి, పడవలో పొయ్యి ఎక్కడ పెడతారు, చంటిపిల్లలు నీళ్లలో పడకుండా నడుముకు తాడు ఎంత పొడుగు కడతారు, ఎదురుపడిన పడవకు దారి ఎవరివ్వాలి, అన్నీ అడిగేవారు. కోటయ్య నవ్వుతూ చెప్పేవాడు. అతని భార్య చెంచమ్మ మాత్రం "ఏందయ్యా, మేం మూడుకొమ్ముల జంతువులమా రాసుకునేదానికి?" అని ఎగతాళి చేసేది. చేస్తూనే చేపల పులుసులో చింతపండు ఎంతో కూడా చెప్పేది. శుద్ధప్రతి రాసే పని నాది. నా అక్షరాలు గుండ్రంగా ఉంటాయని ఆయనకు ముచ్చట.

పుస్తకంలో పడవ బొమ్మకు ఒక పేజీ వదిలారు. ఆయన పుస్తకాల్లో ప్రతి జంతువు బొమ్మ కింద పొడుగు, ఎత్తు ఉంటాయి కదా, దీనికీ ఉండాలన్నారు. బిట్రగుంట రైల్వే కాలనీలో ఉన్న స్నేహితుణ్ణి అడిగి, తోలు డబ్బాలో చుట్టిన పొడుగాటి గుడ్డ టేపు తెచ్చారు. మేం గట్టుకు వెళ్లేసరికి కోటయ్య లేడు, కొత్త తాడు కొనడానికి పోయాడు. చెంచమ్మ అదే గట్టు మీద కాస్త దూరంలో బట్టలు ఉతుకుతోంది.

"కోటయ్య రానీ. అడిగి కొలుద్దాం" అన్నారాయన.

నాకు ఎండ, చిరాకు. "దీనికి కూడా అడగాలాండీ? అన్నీ చెప్పినవాడు ఇది కాదంటాడా? అతను వచ్చేలోగా అయిపోతుంది" అన్నాను. ఆయన కాసేపు తటపటాయించి, నా మొహం చూసి, సరేనన్నారు. టేపు కొసన ఇత్తడి ఉంగరం ఉంది. అది పడవ ముక్కుకు ఆనించి నేను పట్టుకున్నాను. ఆయన విప్పుకుంటూ వెనక్కి నడిచారు. పొడుగు తీశాం, కాగితం మీద రాశారు. వెడల్పు తీస్తుండగా కేక వినిపించింది.

చెంచమ్మ తడిబట్టలతోనే పరిగెత్తుకొచ్చి నా చేతిలోంచి టేపు లాగేసింది. "కొలిసేసినారా? మా పడవని కొలిసేసినారా? ఏం పాపం చేసినామయ్యా మీకు?" అని గుండెలు బాదుకుంది. మాకేమీ అర్థం కాలేదు. చుట్టూ చేరిన పడవల వాళ్లలో ఒక ముసలాయన చెప్పాడు. "పడవకి రెండే కొలతలు అయివోరూ. కట్టేటప్పుడొకటి, ఇప్పేసేటప్పుడొకటి. నడిమద్దెన ఎవురూ టేపు పెట్టరు. పెడితే దాని ఆయువు తీరినట్టే."

పెంచలయ్య గారు చెంచమ్మ ముందు చేతులు జోడించారు. "తప్పు నాదమ్మా. అడక్కుండా ముట్టుకున్నా" అన్నారు. కొలత రాసిన కాగితాన్ని ఆమె చూస్తుండగానే ముక్కలు చేసి కాలువలో వేశారు. నా వైపు చూడను కూడా చూడలేదు. కోటయ్య సాయంత్రం వచ్చి విన్నాడు. మర్నాడు తెల్లవారేసరికి పెళ్లాన్నీ పిల్లనూ ఎక్కించుకుని వెళ్లిపోయాడు. లక్ష్మి బడి మానేసింది. శనివారాలు పెట్టె తెరుచుకోలేదు.

నాకు నిద్రపట్టలేదు. ఆయన దగ్గరికి వెళ్లి ఏడ్చాను. "సలహా నాదండీ. వాళ్లతో నేనే చెప్తాను" అన్నాను.

"చెప్పి ఏం లాభమమ్మా? నువ్వన్నావు సరే, విన్న చెవులు నావే గదా" అన్నారు. మళ్లీ ఎప్పుడూ ఆ ప్రస్తావన తేలేదు. ఆయన కోప్పడి ఉంటే బాగుండేదని ఎన్నిసార్లు అనుకున్నానో.

ఆ వేసవిలో ఆయన మద్రాసుకు రైల్లో పోలేదు. కోటయ్య పడవ ఊళ్లో ఆగినప్పుడు గట్టు మీద నిలబడి, "పడవలోకి రావచ్చునా కోటయ్యా?" అని అడిగారట. కోటయ్య తలెత్తకుండా తాడు చుట్టుకుంటూ పోయాడట. చివరికి "చేతులో ఆ పుస్తకం లేకపోతే రాండి" అన్నాడట. పుస్తకం లేకుండానే వెళ్లారు. గాలి లేని చోట వాళ్లతోపాటు తాడు భుజాన వేసుకుని లాగారు. నెల తర్వాత అరచేతుల్లో బొబ్బలతో, నల్లబడి తిరిగొచ్చారు. సంచీలో పాత పుస్తకాలు రెండే ఉన్నాయి. బడి తెరిచిన రోజు లక్ష్మి పలక పట్టుకుని వచ్చి తన చోట కూర్చుంది. నోటుపుస్తకం మళ్లీ సాగింది, కోటయ్య చెప్పినంత మేరకే. పడవ బొమ్మ పేజీ మాత్రం ఖాళీగానే ఉండిపోయింది.

నాలుగేళ్లు గడిచాయి. రెండు తుఫాన్లకు కాలువ చాలాచోట్ల పూడింది, పూడిక తీసేవాళ్లు లేరు. కట్టెలు లారీలెక్కాయి. కోటయ్య పడవ ఏడాదిపాటు గట్టుకు కట్టేసే ఉంది. ఒకరోజు ఉదయం బడి మొదలవకముందే కోటయ్య వచ్చి, గుమ్మం బయట ఆగాడు.

"కొయ్య కొనేదానికి వడ్రంగి వస్తా ఉండాడు అయివోరూ. రాండి, కొలుసుకోండి."

పెంచలయ్య గారు రాస్తున్న హాజరుపట్టీ మూసి పక్కన పెట్టారు. "వద్దు కోటయ్యా. ఆ కొలత నాకు వద్దు" అన్నారు.

"మీరు కొలవకపోతే వడ్రంగి కొలస్తాడు. ఆయన కొయ్య కోసరం కొలస్తాడయ్యా. మీరు పడవ కోసరం కొలవండి."

తిరిగివ్వకుండా ఉంచేసిన ఆ గుడ్డ టేపు తీసుకుని ముగ్గురం నడిచాం. పడవకు పసుపు రాసి, బొట్టుపెట్టి ఉంది. చెంచమ్మ పడవ ముక్కు దగ్గర నిలబడి ఉంది. నేను ఇక ఆగలేకపోయాను. "చెంచమ్మా, ఆ రోజు అడగక్కర్లేదన్నది నేను. ఆయన కాదు" అన్నాను.

"తెలుసులేమ్మా" అంది చెంచమ్మ. "అడక్కుండా గడప దాటే మనిషా ఆయన? ఆ పొద్దే తెలుసు." అని టేపు కొసనున్న ఇత్తడి ఉంగరాన్ని తనే పడవ ముక్కుకు ఆనించి, నా చెయ్యి పట్టుకుని దాని మీద పెట్టింది. "ఇదో, గట్టిగా పట్టుకో." పెంచలయ్య గారు టేపు విప్పుకుంటూ వెనక్కి నడిచారు. ఆయన కళ్లు కనబడక అంకె కోటయ్యే చదివాడు. చదువు రాదనుకున్నాను, లక్ష్మి నేర్పిందట.

ఆ నోటుపుస్తకం అచ్చు కాలేదు. ఆయన పోయాక ఆయన భార్య పెట్టెను నాకు పంపింది. మెడపొడుగుదాని కాలం, మంచు కాలం, ఇసుకలో పూడిన పట్నాలు, అన్నిటి పైన మా కాలువ నోటుపుస్తకం, నా గుండ్రటి అక్షరాలతో. ఎవరి గురించి రాయాలన్నా ముందు వాళ్ల గుమ్మం దగ్గర ఆగి అడగడం నాకు ఆయన దగ్గర అబ్బింది. ఈ నాలుగు మాటలు రాసే ముందు కూడా బోగోలు వెళ్లాను. లక్ష్మికిప్పుడు మనవరాళ్లు. గుమ్మం బయట నిలబడి, మీ పడవ గురించి రాయనా అని అడిగాను. నవ్వి, కూర్చోబెట్టి, మంచినీళ్లిచ్చి, "రాయండి టీచరమ్మా. కానీ దాని పొడుగు మాత్రం తప్పు రాయబాకండి" అంది.

ముక్కు కొస నుంచి వెనక కొస దాకా యాభై మూడు అడుగుల నాలుగు అంగుళాలు.